చెల్లెలి గృహప్రవేశానికి వెళ్ళి ఇటుక హోటల్లో దిగిన వైనం

నేను వెళ్ళింది నా ఒక్కగానొక్క చెల్లెలి గృహప్రవేశానికి. దిగింది హోటల్లో. ఈ రెండు ముక్కలూ పక్కపక్కన పెడితే చాలు, మా తణుకు వైపు ఎవరికైనా మిగతాది చెప్పకుండానే అర్థమైపోతుంది. అయినా చెబుతాను. హైదరాబాద్ వెళ్ళొచ్చామని చెప్పే మావాళ్ళెవరూ నేను దిగిన మేడ్చల్ దాకా వెళ్ళరు. అదీగాక, తప్పు చేసినవాడు తన నోటితో చెబితే వినేవాళ్ళు కాస్త తక్కువ తిడతారని నా ఆశ.

మా చెల్లెలు చిట్టి అల్వాల్‌లో అద్దెకుంటోంది. బావగారిది తుర్కపల్లిలో ఒక మందుల ల్యాబులో ఉద్యోగం. పదేళ్ళు కూడబెట్టి, శామీర్‌పేట దగ్గర లాల్‌గడి మలక్‌పేట్‌లో స్థలం కొని, ఇల్లు కట్టుకున్నారు. అమ్మా నాన్నా లేరు. కాబట్టి పుట్టిల్లంటే నేనూ మా ఆవిడ సరోజా. కొత్త ఇంట్లో దంపతుల్ని పీటల మీద కూర్చోబెట్టి పుట్టింటి బట్టలు పెట్టాల్సినవాణ్ణి నేను. సరోజ నాలుగు రోజుల ముందే సాయానికి వెళ్ళింది. "షాపులో స్టాకు చూసుకోవాలి, ముహూర్తానికి తెల్లారేసరికి వచ్చేస్తాను" అని నేను తణుకులో ఉండిపోయాను. నాకు మందుల షాపు ఉన్నమాట నిజమే. స్టాకు చూడటం మాత్రం అబద్ధం.

అసలు సంగతేమిటంటే, అల్వాల్ ఇంట్లో గదులు రెండు, స్నానాలగది ఒకటి, చుట్టాలు పన్నెండు మంది. నాకు పొద్దున్నే పేపరు పట్టుకుని స్నానాలగదిలో అరగంట కూర్చునే అలవాటు. గురక సంగతి సరోజ చెప్పాలి. ఈ బాధల్లో ఉండగా ఫోన్లో ఒక హోటల్ బొమ్మ కనిపించింది. మేడ్చల్ నడిబొడ్డున ఎనిమిదంతస్తులు, సున్నం కొట్టని ఎర్ర ఇటుక గోడలు. చూడగానే మనసు పారేసుకున్నాను. ముహూర్తానికి మూడు రోజుల ముందే, ఎవరికీ చెప్పకుండా రైలెక్కాను.

అల్వాల్ స్టేషన్, ఒక నిమిషం

సికింద్రాబాద్‌లో దిగి మేడ్చల్ లోకల్ ఎక్కాను. ఇది మా వైపు పాసింజరు లాంటిది కాదు. ఎక్కినవాళ్ళు పక్కవాళ్ళ ఊరూ పేరూ అడగరు, ఫోన్లు చూసుకుంటారు. నాకూ అదే కావాలి. కానీ ఆ బండి అల్వాల్‌లో ఆగుతుందని టిక్కెట్టు కొన్నాక గుర్తొచ్చింది. చిట్టి ఇల్లు స్టేషన్ వెనకాలే. కూరగాయలకని సరోజ ఈ వేళకి బయటికి వస్తుంది కూడా.

అల్వాల్ రాగానే పేపరు బార్లా తెరిచి మొహానికి అడ్డం పెట్టుకున్నాను. ఎదురుగా కరివేపాకు మూటతో ఒక పెద్దావిడ కూర్చుని ఉంది. కాసేపు చూసి అడిగింది.

"ఏంది సారూ, గీ స్టేషన్ల అప్పులోళ్ళు ఉన్నరా?"

"లేదమ్మా, చెల్లెలుంది" అన్నాను పేపరు దించకుండా.

ఆవిడ నన్నోసారి ఎగాదిగా చూసి, మూట కొంచెం అవతలికి జరుపుకుంది.

మేడ్చల్: బట్టీ హోటల్

స్టేషన్ బయట ఆటోవాళ్ళకి హోటల్ పేరు చెబితే ఒక్కరికీ తెలియలేదు. ఫోన్లో బొమ్మ చూపించాను. నర్సింహ అనే డ్రైవరు పకపకా నవ్వాడు. "గిదా! బట్టీ హోటల్ అను సార్. గా ఇంగ్లీషు పేరు బోర్డు రాసినోనికే తెలుస్తది."

బొమ్మలో కంటే ఎదురుగా ఇంకా బాగుంది. చుట్టూ బట్టల షాపులు, మిఠాయి కొట్లు, సెల్‌ఫోన్ దుకాణాలు, పైనుంచి కిందిదాకా వేలాడే ఫ్లెక్సీలు. వాటి మధ్య ఈ ఎర్రటి ఎనిమిదంతస్తుల గోడ, పెళ్ళికి పట్టుపంచె కట్టుకొచ్చిన పెద్దమనిషిలా నిలబడి ఉంది. లోపల కూడా ఇటుక మీద సున్నం లేదు. లిఫ్టులో తప్ప ఎటు చూసినా ఇటుకే.

యజమాని పెంటయ్య కిందే, గల్లాపెట్టె పక్కన కుర్చీలో కూర్చుంటాడు. ఇటుక మీద ఇంత ప్రేమేమిటని అడిగాను.

"ప్రేమ గాదు సార్, మజ్బూరి, ఇంకో దారి లేకపాయె. మాది ఇటుక బట్టీ ఉండె. సుట్టుముట్టు ప్లాట్లు వడ్డయి, పొగ వస్తాందని అందరు లొల్లి వెట్టిన్రు. బందు జేసిన. మిగిలిన ఇటుకను ఏం జెయ్యాలె? కొంచెం అడిగినోళ్ళకు అమ్మిన. మిగిలింది ఇగో, ఇట్ల నిలవెట్టిన."

"మరి లోపల సున్నం కొట్టించలేదేం?"

"గప్పటికి పైసలు అయిపోయినయి. డిజైన్ అని చెప్పమన్నడు మా ఇంజనీరు. అందరికి గట్లనే చెప్తున్న. మస్తుగ నమ్ముతున్రు."

నేనూ నమ్మినవాణ్ణేనని ఆయనతో అనలేదు.

గది ఎనిమిదో అంతస్తులో. కిటికీ తెరిస్తే రైలు పట్టాలు, నాగపూర్ వైపు బారులు తీరిన లారీలు, నల్లటి నీళ్ళ ట్యాంకులు, వాటి వెనక రంగు పూసిన రాళ్ళు పాతిన ప్లాట్లు. మంచం మెత్తగా ఉంది. స్నానాలగది నా ఒక్కడిదే. పేపరుతో వెళ్ళి ముప్పావుగంట కూర్చున్నాను. తలుపు కొట్టే దిక్కులేదు. చెప్పడానికి సిగ్గుగానే ఉంది కానీ, ఆ పూట నాకంటే సుఖపడినవాడు మేడ్చల్‌లో ఉండి ఉండడు.

ఒకే ఒక్క లోపం. గోడకి ఆనుకుంటే తెల్లచొక్కా వీపంతా ఎర్ర దుమ్ము. అది నేను చూసుకోలేదు.

తుర్కపల్లి దారిలో

మర్నాడు నర్సింహ ఆటో మాట్లాడుకుని ఊళ్ళు చూడ్డానికి బయల్దేరాను. నేను షాపులో అమ్మే మందులు పుట్టేచోటు చూడాలని ఎప్పట్నుంచో ఉండేది. తుర్కపల్లిలో చూడ్డానికి ఏముందంటే, పొడుగాటి ప్రహరీలు, వాటి వెనక అద్దాల మేడలు, గేట్ల దగ్గర మన మొహం చూసి తల అడ్డంగా ఊపే కాపలావాళ్ళు. మందుల వాసన కూడా బయటికి రానివ్వరు.

టీకొట్టు దగ్గర ఆగాం. ఉద్యోగుల్ని దింపే క్యాబులు వరసగా నిలబడి ఉన్నాయి. ఇక్కడ కాఫీ అడిగితే జాలిగా చూస్తారు. చాయ్ ఇచ్చారు. బాగా మరిగి, తీపిగా, చెమ్చా నిలబడేంత చిక్కగా ఉంది. సగం తాగానో లేదో, ఒక క్యాబులోంచి దిగుతున్నవాళ్ళలో బావగారి లాంటి బట్టతల కనిపించింది. గ్లాసుతో సహా ఆటోలో దూరి, సీటు కిందికి వంగాను.

"చెప్పు పోయిందా సార్?" అన్నాడు నర్సింహ.

"లేదు. మా బావగారనుకుంటా."

"పైసలేమన్న బాకీ ఉన్నవా?"

ఈ ఊళ్ళో మనిషి మొహం చాటేస్తే అందరికీ అప్పే గుర్తొస్తుంది. చిట్టి సంగతి చెప్పాను. నర్సింహ నా చేతిలో గ్లాసు తీసుకుని కొట్టువాడికిచ్చి, ఆటో స్టార్ట్ చేశాడు. తర్వాత, "మా చెల్లె ఇంటికి వోయి నేను లాడ్జిల దిగితే, మా అవ్వ నన్ను ఇంట్ల అడుగు వెట్టనియ్యది సార్" అన్నాడు. తిట్టినట్టు అనలేదు. వానొచ్చేలా ఉందని చెప్పినట్టు అన్నాడు.

శామీర్‌పేట చెరువు కట్ట

మేం చెరువుగట్టు అంటాం, వీళ్ళు చెరువుకట్ట అంటారు. మా కాలవలూ గోదారీ చూసిన కళ్ళకి కూడా ఈ చెరువు ఆనుతుంది. కట్ట దిగువన ఎల్లమ్మ అనే ఆవిడ చేపలు వేయిస్తోంది. వాళ్ళాయన చెరువులో వల వేస్తాడట. రెండు ముక్కలు రేకు ప్లేటులో పెట్టింది. కారం మా వైపు కంటే ఎక్కువ, పులుపు తక్కువ. కళ్ళనీళ్ళు పెట్టుకుంటూనే మరో రెండు అడిగాను.

"యాడికెల్లి వచ్చినవ్ సారూ?"

"తణుకు, గోదావరి జిల్లా."

"గోదారి పక్కపొంటి ఉండి గీడికి వచ్చి శాపలు తింటున్నవా! గక్కడ అయిపోయినయా?" అంటూనే నా వెనక్కి తొంగిచూసింది. "బట్టీ హోటల్ల దిగినట్టున్నవ్?"

"నీకెలా తెలుసు?"

"ఈపు జూస్తే ఎరుకైతలేదా! గా హోటల్ల దిగినోళ్ళందరు ఈపుకు ఇటుక పూసుకోనే వస్తరు. సుట్టాలు లేరా నీకు గీడ?"

నేను మాట్లాడేలోపు నర్సింహ అందుకున్నాడు. "సొంత చెల్లె ఉన్నది. ఎల్లుండి ఇల్లు సొచ్చుడు." గృహప్రవేశాన్ని ఇక్కడ అలా అంటారు.

ఎల్లమ్మ చేతిలో అట్లకాడ ఆగింది. "లొల్లి అయ్యిందా, అన్నా?"

సారుని కాస్తా అన్ననయ్యాను. "లొల్లేం లేదమ్మా. అక్కడ ఇరుకు."

"ఇరుకా?" ఆవిడ పొయ్యిలోకి చూస్తూ అంది. "సుట్టాలొస్తే ఇల్లు ఇరుకే ఉంటది. ఎవ్వరు రాకుంటె మస్తు జాగ ఉంటది."

నేను చేప ముళ్ళు తీసుకుంటూ కూర్చున్నాను. ఆ సాయంత్రమే గది ఖాళీ చేసి అల్వాల్ వెళ్ళిపోవాలనుకున్నాను. వెళ్ళి ఏం చెప్పాలి? రేపొక్కరోజూ గడిచిపోతే, అనుకున్నట్టే తెల్లారి రైలు దిగినవాడిలా వెళ్ళొచ్చు, ఎవరి మనసూ నొచ్చుకోదు అని నాకు నేనే సర్దిచెప్పుకున్నాను. మెత్తటి మంచం కూడా తన వాదన తాను వినిపించింది.

మళ్ళీ మేడ్చల్: పూరీ దగ్గర

మూడోరోజు పొద్దున్న, లుంగీతోనే కిందికి దిగి ఫలహారానికి కూర్చున్నాను. పెసరట్టు అడిగితే లేదన్నారు. పూరీ, బంగాళదుంప కూర తెచ్చారు. మొదటి ముక్క నోట్లో ఉంది. ద్వారంలో రెండు పట్టుచీరలు కనిపించాయి. ఒకటి సరోజది. రెండోది చిట్టిది. చిట్టి చేతిలో కుంకుమ భరిణె.

చిట్టి కొత్తింటికి ఇటుక ఈ పెంటయ్య బట్టీదేనని నాకెవరు చెప్పారు? ఆఖరి లోడు చాలావరకు వీళ్ళకే అమ్మాడట. ఇల్లు పూర్తయింది కాబట్టి ఆయన కుటుంబాన్ని బొట్టు పెట్టి పిలవడానికి వచ్చారు. దూరంగా దాక్కోవడానికి నేను వెతుక్కున్న చోటు, మావాళ్ళు స్వయంగా వచ్చి పిలవాల్సిన ఇల్లు అయి కూర్చుంది.

సరోజ నన్ను చూసింది. భరిణె పట్టుకున్న చిట్టీ చూసింది. ఏడుస్తుందేమో, అరుస్తుందేమో అనుకున్నాను.

చిట్టి నేరుగా పెంటయ్య భార్య అండాలు దగ్గరికి వెళ్ళి బొట్టు పెట్టింది. గల్లాపెట్టె దగ్గరున్న లావణ్య అనే అమ్మాయికి పెట్టింది. తర్వాత నా బల్ల దగ్గరికి వచ్చింది. భరిణె ముందుకు చాచింది.

"రేపు తెల్లవారుజామున మా గృహప్రవేశమండీ. లాల్‌గడి మలక్‌పేట్‌లో. తప్పకుండా రండి. భోజనం అక్కడే."

ముక్కుపచ్చలారని వయసు నుంచీ నన్ను "ఒరేయ్ అన్నయ్యా" అన్న నోరు అది. ఆ "అండీ" చెంపదెబ్బ కంటే గట్టిగా తగిలింది. చేతికి పూరీ నూనె ఉండగానే కుంకుమ తీసుకుని పెట్టుకున్నాను.

"చిట్టీ..."

"కార్డు మర్చిపోయానండీ" అని చిట్టి, సరోజ సంచీలోంచి కార్డు తీసి, నా ప్లేటు పక్కన పెట్టి వెళ్ళిపోయింది. సరోజ ఒక్క క్షణం ఆగింది. "స్టాకు చూడ్డం అయిపోయిందాండీ?" అని తనూ వెళ్ళిపోయింది.

పెంటయ్య లేచి నిలబడ్డాడు. "సార్, గామె నీ చెల్లెనా? నాకు ఎరుకే లేకపాయె. ఎరుకుంటె నీకు రూమే ఇయ్యకపోతుంటి!"

పిలిచిన ఇంటికి అతిథిగా వెళ్ళొచ్చు. కానీ అతిథి పుట్టింటి బట్టలు పెట్టడు. నేను పెట్టకపోతే చిట్టికి పెట్టేవాళ్ళు లేరు. కొత్తింట్లో, చుట్టాలందరి మధ్యా, పుట్టిల్లు లేనిదానిలా పీటల మీద కూర్చుంటుంది. అది నా నిర్వాకం. ఆ మధ్యాహ్నమే గది ఖాళీ చేసి అల్వాల్ వెళ్ళాను. తలుపు తీసిన బావగారు, "రండి రండి" అన్నారు. చిట్టి మంచినీళ్ళు ఇచ్చింది, గ్లాసు కింద పళ్ళెం పెట్టి. ఇంట్లో వాళ్ళకి పళ్ళెం పెట్టరు. ఆ రాత్రి వరండాలో పడుకున్నాను. నాకు దుప్పటి సరోజ కాదు, చిట్టే తెచ్చింది. "సరిపోతుందాండీ?" అని అడిగింది.

లాల్‌గడి మలక్‌పేట్: మూడు ఇటుకలు

కొత్త ఇల్లు చిన్నదే, ముచ్చటగా ఉంది. ఒకవైపు మొక్కజొన్న చేను, మిగతా మూడువైపులా ఖాళీ ప్లాట్లు. ఆవునీ దూడనీ లోపలికి తీసుకెళ్ళారు. చుట్టాలందరూ వెనకే వెళ్ళారు. నన్ను ఎవరో షామియానా కింద ప్లాస్టిక్ కుర్చీలో కూర్చోబెట్టారు. పక్క కుర్చీలో పెంటయ్య. ఇద్దరం ఇటుక సంబంధీకులం.

లోపల్నుంచి పురోహితుడి గొంతు వినబడింది. "పుట్టింటివారు ఎవరమ్మా? బట్టలు సిద్ధంగా ఉన్నాయా?"

నేను సగం లేచాను. గుమ్మం అవతల సరోజ బట్టల పళ్ళెం ఒళ్ళో పెట్టుకుని నావైపే చూస్తోంది.

"ఇంకా రాలేదండీ. వస్తారు" అంది చిట్టి.

కూర్చున్నాను. పెంటయ్య నా మోకాలి మీద చెయ్యి వేశాడు.

"సరే, ముందు పాలు పొంగించండి" అన్నాడు పురోహితుడు.

మా వైపు పాలు ఆడపడుచు పొంగిస్తుంది. బావగారికి అక్కచెల్లెళ్ళు లేరు కాబట్టి చిట్టే కూర్చుంది. గ్యాస్ పొయ్యి ఉన్నా ఆచారం ఆచారమే. వంటింటి మధ్యలో మూడు ఇటుకలు, వాటి కింద కట్టెలు, మీద పసుపు రాసిన కొత్త గిన్నె. ముందురోజు కురిసిన జల్లుకి కట్టెలు తడిశాయి. మంట రాదు, పొగ వస్తుంది. అందరూ గుమ్మంలో మూగారు. నేను వాళ్ళ భుజాల మీదుగా చూస్తున్నాను. కర్పూరం వేశారు. విసనకర్రతో విసిరారు. పాలు కదలవు. ముహూర్తం దాటిపోతోందని పురోహితుడు గొంతు సవరించుకున్నాడు. చిట్టి కళ్ళలో నీళ్ళు. పొగ వల్లో, ఇంకెందువల్లో. కొత్తింట్లో పాలు పొంగకపోతే ఆ మాట ఆ ఇంటిని ఎన్నాళ్ళు పట్టుకుంటుందో మీకు చెప్పక్కర్లేదు.

చిట్టి పిలిచేదాకా అతిథిగానే ఉండాలని గట్టిగా అనుకున్నాను. రాత్రంతా సాధన చేశాను కూడా. కానీ ఆ పొయ్యి చూస్తుంటే నోరు ఆగలేదు.

"ఏమే చిట్టీ, బుద్ధుందా? ఇటుకలు అంత దగ్గరగా పెడితే గాలి ఎట్నుంచి వెళుతుందే? ఎవడే పెట్టాడు ఆ పొయ్యి?"

చిట్టి గిరుక్కున తిరిగింది. మొహమంతా మసి.

"ఓహో! అంత తెలిసినవాడివి నిన్నో మొన్నో వచ్చి పెట్టాల్సింది! ఎనిమిదో అంతస్తులో పూరీలు తింటూ పడుకుని, ఇప్పుడొచ్చి నాకు ఇటుకలు నేర్పుతున్నావా? ఒరేయ్ అన్నయ్యా, చూస్తావేంరా, వచ్చి నువ్వే జరుపు!"

జనం దారిచ్చారు. ఇస్త్రీ పంచెతో నేల మీద చతికిలబడ్డాను. గిన్నె ఎత్తి చిట్టి చేతికిచ్చి, ఇటుకల్ని ఎడంగా జరిపాను. చెయ్యి కాలింది. "గుడ్డ పట్టుకో, మొద్దూ!" అని అరిచింది. నేల మీద బోర్లా పడుకున్నట్టే వంగి ఊదాను. ఊదాను, దగ్గాను, ఊదాను. మంట నాలుక చాపింది. చిట్టి గిన్నె మళ్ళీ ఎక్కించింది. మా ఇద్దరి తలలూ పొయ్యి ముందు ఒకదానికొకటి ఆనుకునే ఉన్నాయి. నురగ అంచుదాకా వచ్చి, ఒక్క క్షణం తటపటాయించి, తూర్పువైపుకి బుస్సున పొంగింది.

అందరూ ఒక్కసారిగా కేకలు పెట్టారు. గుమ్మంలోంచి పెంటయ్య గొంతు మాత్రం విడిగా వినిపించింది. "మా ఇటుక గట్లనే ఉంటది!"

చిట్టి పీటల మీద కూర్చుంది, బావగారి పక్కన. కొంగుతో మొహం తుడుచుకుని నావైపు చూసింది. "బట్టలు పెట్టవేం? ముహూర్తం నీకోసం ఆగుతుందా?"

సరోజ పళ్ళెం నా చేతిలో పెట్టింది. పురోహితుడు నన్ను ఎగాదిగా చూశాడు. పంచె నిండా ఎర్ర దుమ్ము, మీసాల నిండా బూడిద. "ఈయన ఇందాకట్నుంచీ బయట కుర్చీలోనే ఉన్నారు కదమ్మా? రాలేదన్నావు?"

"ఇప్పుడే వచ్చాడండీ" అంది చిట్టి.

ఆ రాత్రి కొత్త ఇంట్లో దీపం పెట్టి ఎవరైనా పడుకోవాలి. నేనూ బావగారూ చాపలు పరుచుకున్నాం. దోమలు, సిమెంటు వాసన, ఫ్యాను ఇంకా బిగించలేదు. ఖాళీ గదుల్లో నా గురక అన్ని గోడలకీ కొట్టుకుందట. "ఇక దిష్టి తీయక్కర్లేదు బావా, ఏ దెయ్యమైనా ఈపాటికి మేడ్చల్ దాటి ఉంటుంది" అన్నారాయన, ఎర్రబడ్డ కళ్ళతో.

తిరుగుదారి: మళ్ళీ అల్వాల్

మర్నాడు పెంటయ్యకి వెళ్ళొస్తానని చెప్పడానికి మేడ్చల్ వెళ్ళి, అక్కడే లోకల్ ఎక్కాం నేనూ సరోజా. కిటికీలోంచి ఎర్ర హోటల్ చాలాదూరం కనిపించింది. ఇప్పటికీ అందంగానే ఉంది. మీరు ఎప్పుడైనా మేడ్చల్ వెళితే, ఆ చుట్టుపక్కల మీకెవరూ లేకపోతే, తప్పకుండా అందులో దిగండి. గోడకి మాత్రం ఆనుకోకండి.

అల్వాల్ వచ్చేసరికి ఈసారి తలుపు దగ్గరే నిలబడ్డాను. ప్లాట్‌ఫాం మీద చిట్టి ఉంది. బండి ఆగే ఆ నిమిషంలో పరుగెత్తుకొచ్చి ఒక డబ్బా నా చేతిలో పెట్టింది.

"పులిహోర. దారిలో తిను. వదినకి పెట్టకుండా నువ్వే లాగించకు."

గృహప్రవేశానికి వచ్చిన అతిథులందరికీ ఒక్కో ప్లాస్టిక్ డబ్బా, అందులో రవికెల గుడ్డా తాంబూలమూ పెట్టి ఇచ్చారు. దాన్ని ఎవరూ తిరిగివ్వక్కర్లేదు. నాకిచ్చింది వాళ్ళింటి స్టీలు డబ్బా. బండి కదులుతుంటే చిట్టి అరిచింది. "డబ్బా జాగ్రత్తరా! మళ్ళీ తెచ్చియ్యాలి!"

పులిహోర విజయవాడ రాకముందే అయిపోయింది. కడిగిన డబ్బా ఇప్పుడు షాపులో, నా ఎదురుగా ఉంది. మూత మీద బావగారి పేరు చెక్కి ఉంది. మొన్న మా కొట్టు కుర్రాడు హైదరాబాద్ వెళుతూ, ఇచ్చేస్తానన్నాడు. వద్దన్నాను.